సిగ్నల్ లేని మూల

"నీ ఒక్కదాని గన్‌కే పోతుందేం సిగ్నల్? అలిగి పుట్టింటికి పోతోందా?"

ఎవరో కిసుక్కున నవ్వారు. నవ్వినవాళ్ళ తప్పేం లేదు. తిట్టు తమ మీద పడనప్పుడు ఎవరికైనా నవ్వొస్తుంది.

నిచ్చెన మీద నిలబడి కెమెరా మర బిగిస్తున్న మనిషికి కిందికి చూడకుండానే తెలిసింది. గొంతు గోదాం సూపర్‌వైజర్‌ది. మాటకోసారి మణికట్టు తిప్పి టైము చూసుకుంటాడని ఆడవాళ్ళు అతనికి గడియారం అని పేరు పెట్టారు. తిట్లు తింటున్నది ఎవరో కూడా తెలిసింది. చివరి వరుసలో పార్సిళ్ళు ఏరే ఆమె. స్కానర్ గన్‌ని చంటిబిడ్డలా గుండెకి ఆనించుకుని, తలొంచుకుని నిలబడ్డ ఆమె ఈ నిచ్చెన మీది మనిషికి సొంత అక్క.

"లేదంటే లేదు సార్. చూడండి, ఇంకా తిరుగుతూనే ఉంది," అక్క గన్ తెర చూపించింది. తెర మీద చిన్న చక్రం తిరుగుతోంది.

"నేనొచ్చేసరికి తిప్పావు! ఎన్నాళ్ళమ్మా ఈ నాటకాలు? ఇంకొక్కసారి ఇలా ఆగిందంటే పైకి పంపిస్తా. మేనేజర్‌కి చెప్పుకో నీ చక్రం కథ."

పార్సిల్ మీది గీతలకి చూపిస్తే గన్ కుయ్‌మంటుంది. ఆ కుయ్ వైఫైలో పోయి ఆఫీసు లెక్కలో పడుతుంది. పడితే పనిచేసినట్టు, పడకపోతే చేయనట్టు. మనిషి వీపు మీద చెమట ఎంత కారిందో గన్‌కి అక్కర్లేదు. పైకి వెళ్ళినవాళ్ళు మళ్ళీ వరుసలోకి రావడం ఆ గోదాంలో ఎవరూ చూడలేదు.

గడియారం అటు తిరిగి వెళ్ళాకే అతను నిచ్చెన దిగాడు. ముందే దిగి ఉండొచ్చు. వైర్లూ, కెమెరాలూ, వైఫై డబ్బాలూ చూసుకునే కాంట్రాక్టు మనిషి సూపర్‌వైజర్‌తో గొడవ పడితే రేపు గేటు దగ్గర కార్డు పలకదు. ఆ సంగతి అతని కంటే అతని కాళ్ళకి బాగా తెలుసు, అవి మెట్టు మీంచి కదలలేదు.

"అదుగో, పైవాడు దిగొచ్చాడు. మొర పెట్టుకో," పక్క వరుసలోంచి ఒకామె అంది. ఎప్పుడు చూసినా కప్పు దగ్గరే ఉంటాడని అతనికి వాళ్ళు పెట్టిన పేరది.

"నిజంగానే పోతోందా అక్కా?"

"ఏది?"

"సిగ్నలే."

"పోతుంది, వస్తుంది. ఈ మూల మొదట్నుంచీ ఇంతే. నువ్వు పోయి నీ పని చూసుకో."

"నాకెప్పుడూ చెప్పలేదేం?"

"ప్రతిదీ నీకు చెప్పాలేంట్రా? ఈ గోదాం నువ్వేమన్నా కట్టించావా?"

అక్క ఎప్పుడూ అంతే. చిన్నప్పట్నుంచీ దెబ్బ తగిలితే దాచుకుని తిరిగే రకం. గడియారం ఆమెని దొంగ అన్నా అతనికి ఇంత నొప్పి ఉండేది కాదు. నాటకాలాడుతోందన్నాడు, అందరి ముందూ.

ఆ మధ్యాహ్నం ఖాళీగా ఉన్న గన్ ఒకటి తీసుకుని చివరి వరుసలో ఈ కొస నుంచి ఆ కొసకి నడిచాడు. కప్పుకి బిగించిన వైఫై డబ్బాలు బోర్లించిన తెల్ల పళ్ళాల్లా ఉంటాయి. గోదాంలో అందరూ వాటిని పళ్ళాలనే అంటారు. మనిషి ఒక పళ్ళెం కింద నుంచి ఇంకో పళ్ళెం కిందకి నడిచినప్పుడు గన్ పాతదాన్ని వదిలి కొత్తదాన్ని పట్టుకోవాలి. ఇక్కడ వదలడం లేదు. రైలు కదిలిపోయాక కూడా కిటికీ పట్టుకుని పరిగెత్తేవాడిలా, ఎక్కడో వెనకబడిపోయిన పళ్ళాన్నే పట్టుకుని వేలాడుతోంది. మూలకి వచ్చేసరికి తెర మీద చక్రం తిరిగింది. ఆగింది. మళ్ళీ తిరిగింది.

అక్క అబద్ధం చెప్పలేదు. అతనికి అది చాలు. ఆ చక్రాన్ని చూస్తుంటే ఏడుపూ నవ్వూ కలిసి వచ్చాయి. గన్ పట్టుకుని అలాగే మేనేజర్ కూర్చునే గాజు గది వైపు నడిచాడు.

"నడుస్తున్నదాన్ని ఎందుకయ్యా కెలకడం?" మేనేజర్ తల ఎత్తకుండానే అన్నాడు.

"సరిగ్గా నడవట్లేదు సార్. పళ్ళాల లోపలుండే ప్రోగ్రాం పాతబడిపోయింది. ఫర్మ్‌వేర్ అంటారు. కొత్తది ఎక్కిస్తే చివరి వరుసలో సిగ్నల్ ఆగదు. ఇప్పుడు ఆడవాళ్ళు చేసిన పని లెక్కలో పడక ఊరికే మాటలు పడుతున్నారు."

మేనేజర్ ఏదో చూసుకుంటూనే ఉన్నాడు.

"రోజూ బోలెడు పని టైము పోతోంది సార్."

తల లేచింది. "టైము పోతోందా? ఎంతమందిది?"

ఆడవాళ్ళు మాటలు పడటం ఆ గాజులోంచి లోపలికి రాలేదు. టైము అన్న మాట మాత్రం వచ్చింది. వచ్చే సెలవు రోజున చేసుకోమన్నాడు.

పళ్ళాలు అమ్మిన కంపెనీ ఇంజనీరుని అతను ఎప్పుడూ చూడలేదు. ఫోన్లో వినడమే. మంచి పిల్లాడు, ఎన్నిసార్లు అడిగినా విసుక్కోడు.

"లింకు పంపానన్నా. అందులో మూడు ఇమేజ్ ఫైళ్ళుంటాయి. మొదటి రెండూ ఒకేలా కనిపిస్తాయి, పేరు చివర ఒక్క అక్షరమే తేడా. మీ పళ్ళాలు రెండు బ్యాచుల్లో వచ్చాయి కదా. బయటికి కవలపిల్లలే గానీ లోపల చిప్పు వేరు. ఒకదాని ఇమేజ్ ఇంకోదానికి ఎక్కించారనుకోండి, ఇక లేవదు. ఏ బ్యాచో వెనకాల స్టిక్కర్ మీద అక్షరం ఉంటుంది."

"వెనకాలంటే కప్పు వైపా?"

"అవునన్నా. విప్పి చూడాల్సిందే."

"మాలాంటివాళ్ళకి కనపడకూడదనే అటు అంటించారా సారూ?"

అవతల నవ్వు. "మూడోది చిన్న ఫైలు. ఏదన్నా చచ్చిపడితే లేపడానికి. నోట్స్ కూడా పెట్టాను, కొత్తదాంట్లో ఏమేం మారాయో అన్నీ ఉంటాయి. ఓసారి చదువుకోండన్నా."

తెరిచాడు. ఇంగ్లీషు, పేజీలకి పేజీలు. కూడబలుక్కుంటే అతనికి ఇంగ్లీషు వస్తుంది. బడి మధ్యలో వదిలేసినవాడికి ఎంత రావాలో అంత వస్తుంది. నడిచే గన్ పాత పళ్ళాన్ని వదలకపోవడం గురించి ఏమన్నా ఉందేమోనని వెతికాడు. ఉంది. బాగుచేశామని ఒక లైను ఉంది. వేలు పెట్టుకుని రెండుసార్లు చదివి, మూసేశాడు. దానికి పైనా కిందా ఉన్నవాటితో అక్కకి పనిలేదు.

బావ పోయినప్పటి నుంచీ అక్క తమ్ముడింట్లోనే, వెనక గదిలో ఉంటోంది. ఆ సాయంత్రం అతను చెప్పిందే చెబుతుంటే భార్య అంట్లు తోముతూ వింది.

"ఇమేజ్ అంటే ఫోటోనా?"

"ఫోటో కాదే. పళ్ళెం బుర్రలో ఉండాల్సిందంతా మూటగట్టి ఒక్క ఫైల్లో పెడతారు. అది లోపలికి ఎక్కిస్తే పాత బుర్ర తుడిచిపెట్టుకుపోయి కొత్తది కూర్చుంటుంది. కాస్త ఉంచుకుని కాస్త మార్చుకోవడం ఉండదు. మొత్తానికి మొత్తం."

"మీ తలకి సరిపోయేది దొరికితే ఒకటి పట్టుకురండి."

"ముందు నీ తమ్ముడికి వేయిద్దాం. వాడిది ఎలాగూ ఖాళీయే, తుడిచే పని కూడా ఉండదు."

అక్క నవ్వలేదు. గోడకి చేరగిలబడి కాలు చాపుకుని కూర్చుంది. "అది వేస్తే మా మూలకి కూడా వస్తుందా సిగ్నల్?"

"దంచుకుంటూ వస్తుంది."

"ఇక ఎప్పుడూ పోదా?"

"పోదక్కా. ఆ గడియారం గాడు ఇక నిన్ను ఒక్క మాట అనలేడు."

"సరే," అంది అక్క. కాలు దగ్గరికి లాక్కుంటూ, "నీకెందుకురా ఈ తలనొప్పంతా," అని గోడ పట్టుకుని లేచి తన గదిలోకి వెళ్ళింది.

భార్య గిన్నె చేతిలో పట్టుకుని అటే చూసింది. ఏదో అనబోయి, కుళాయి ఇంకొంచెం తిప్పింది.

సెలవు రోజు గోదాంలో మనిషి అలికిడి లేదు. కప్పు రేకులు ఎండకి టిక్కుటిక్కుమంటున్నాయి. ల్యాప్‌టాప్‌ని అట్టపెట్టెల మీద పెట్టుకుని, గేటు దగ్గర మొదటి పళ్ళెంతో మొదలుపెట్టాడు. అక్కడే తప్పు చేశాడు. గేటు వైపువన్నీ పాత బ్యాచ్ అని అతనికి గుర్తు. బిగించింది తనే కదా, మళ్ళీ విప్పడం ఎందుకనుకున్నాడు. ఫైలు ఎంచి నొక్కాడు. తెర మీద గీత నిండింది. పళ్ళెం దీపం ఆకుపచ్చ నుంచి నారింజ రంగుకి మారింది. మారి, అలాగే ఉండిపోయింది. బయటికి పోయి టీ తాగొచ్చాడు. అలాగే ఉంది.

నిచ్చెనెక్కి, అరచెయ్యి ఆనించి పక్కకి తిప్పి ఊడదీశాడు. వెనక స్టిక్కర్ మీద దుమ్ము తుడిస్తే అక్షరం వేరే. ఎప్పుడో పాడైతే దాన్ని మార్చింది తనే. మార్చిన సంగతి మర్చిపోయిందీ తనే. తిట్టుకోవడానికి ఇంకెవరూ దొరకలేదు. దాన్ని కింద పెట్టి, పక్కనున్న చిన్న చిల్లులో గుండుసూది గుచ్చి పట్టుకుని, వైరు పెట్టాడు. నెట్టూ కరెంటూ ఆ ఒక్క వైర్లోనే వస్తాయి. దీపం గబగబా కొట్టుకునేదాకా సూది తీయలేదు. తర్వాత ఆ చిన్న ఫైలు ఎక్కించాడు. అది అసలు బుర్ర కాదు, అసలుది పెట్టేదాకా ప్రాణం నిలబెట్టేది. ఆపైన సరైన అక్షరమున్న ఫైలు. దీపం ఆరింది. అతను సూది చేతిలోనే పట్టుకుని చూశాడు. ఆకుపచ్చగా వెలిగింది.

ఆ తర్వాత ఏ ఒక్కదాన్నీ నమ్మలేదు. ప్రతిదీ విప్పాడు, అక్షరం చూశాడు, ఎక్కించాడు, మళ్ళీ బిగించాడు. మెడ పట్టేసింది. కళ్ళల్లోకి దుమ్ము రాలింది. బాగా చేస్తే ఎవరికీ కనపడని పని అది. కనపడిందంటే ఏదో చెడినట్టు.

చివరి వరుస చివర మూలలో, రాక్ వెనక, బోర్లించిన ప్లాస్టిక్ క్రేటు ఒకటి ఉంది. దాని మీద గోనెసంచి నీటుగా మడతపెట్టి ఉంది. ఎవరో వదిలేసి పోయారనుకుని, నిచ్చెనకి చోటు కోసం దాన్ని తీసుకెళ్ళి క్రేట్ల గుట్టలో పడేశాడు. ఆఖరి పళ్ళెం కూడా ఆకుపచ్చ అయ్యాక గన్ పట్టుకుని నడిచాడు. చక్రం తిరగలేదు. మూలలో నిలబడి ఒక పార్సిల్ గీతలకి చూపించాడు. కుయ్. మళ్ళీ చూపించాడు. కుయ్. ఖాళీ గోదాంలో ఒక్కడే, బూర దొరికిన పసివాడిలా, కుయ్ కుయ్‌మనిపిస్తూ నవ్వుకున్నాడు.

"పైవాడా, నీ చేతిలో ఏదో ఉందయ్యా," అన్నాడు గడియారం మర్నాడు.

ఆ రోజు అతను ఎవర్నీ తిట్టలేదు. "మా పైవాడు చల్లగుండాలి" అని ఆడవాళ్ళు ఎగతాళిగానైనా దీవించారు. ఒకామె పైవాడు నిచ్చెన ఎక్కుతుంటే రెండు చేతులూ జోడించి మొక్కింది కూడా. అక్క మాత్రం సాయంత్రాలు ఇంటికొచ్చి, టిఫిన్ డబ్బా కూడా కడగకుండా వెనక గదిలోకి పోయి తలుపు వేసుకుంటోంది. పని బాగా సాగుతోంది కాబట్టి అలిసిపోతోంది అనుకున్నాడు. మంచి చేశాననుకునేవాడికి అన్నీ మంచిగానే కనపడతాయి.

వారం తిరక్కముందే మేనేజర్ పిలిచాడు. కుర్చీ చూపించాడు. ఆ గదిలో అతన్ని ఎవరైనా కూర్చోమనడం అదే మొదలు.

"ఇది కూడా వస్తుందని చెప్పలేదేమయ్యా?" అంటూ తెర అతని వైపు తిప్పాడు.

గోదాం పటం. వరుసలన్నీ గీతలు. గీతల మధ్య చుక్కలు చీమల్లా కదులుతున్నాయి.

"ఒక్కో చుక్కా ఒక్కో గన్. పళ్ళాలన్నీ కలిసి ఏ గన్ ఎక్కడుందో లెక్కగడతాయట. అమ్మినవాళ్ళే ఫోన్ చేసి చెప్పారు, కొత్త ఇమేజ్‌తో పాటు వచ్చింది, ఊరికే పడుంది, ఆన్ చేసుకోండని. కదలకుండా ఉందనుకో, ఎర్రబడుతుంది. చూస్తూ ఉండు."

చూస్తూ ఉన్నాడు. చివరి వరుస చివర, మూలలో, ఒక చుక్క ఆగింది. ఆకుపచ్చగా ఉన్నది పసుపయింది. పసుపు ఎరుపయింది.

"అదిగో! ఇన్నాళ్ళూ సిగ్నల్ లేదు సిగ్నల్ లేదంటే కాబోలు అనుకున్నాం. సిగ్నల్ ఉంది. మనిషే పనిలో లేదు. రోజు మొత్తం ఇదే వరస. ఎవరో ఏంటో చూడమని సూపర్‌వైజర్‌కి చెప్పాను."

"గన్ ఏమన్నా పాడై ఉంటుంది సార్," అన్నాడు. తన గొంతు తనకే పక్కగదిలోంచి వచ్చినట్టు వినిపించింది.

"గన్‌లన్నీ నువ్వే చూశావు కదయ్యా."

చూశాడు. చూడనివి ఆ నోట్స్‌లో, అతను వేలు పెట్టిన లైనుకి పైనో కిందో ఉండిపోయాయి.

అతను పోయేసరికి మూలలో అక్క రాక్ ఇనుప కడ్డీ పట్టుకుని ఒంటికాలి మీద నిలబడి ఉంది. రెండో కాలు నేలకి ఆనీ ఆననట్టు ఉంది. పెదవి పళ్ళ మధ్య ఉంది.

"ఏమైందక్కా కాలికి?"

"అరవకు. మోకాలు. ఏడాది దాటింది."

"ఏడాదా!"

"అరవకన్నానా? చక్రం తిరిగినప్పుడల్లా కూర్చునేదాన్ని. తిరగనప్పుడు కూడా కూర్చుని, తిరిగిందని చెప్పేదాన్ని. ఒక క్రేటు పెట్టుకున్నా ఇక్కడ. దాన్నీ ఎవరో తీసేశారు."

అతను గుట్ట వైపు చూడలేదు.

"మరి వాడు అన్నేసి మాటలంటుంటే ఎలా పడ్డావే?"

"అంటే ఏం పోయింది? అరిచేవాడు, పోయేవాడు. ఒక తిట్టుకి ఒకసారి కూర్చోవచ్చు, నాకు గిట్టుబాటే. ఇంకొక్కసారి, ఇంకొక్కసారి అని ఎన్నిసార్లు అన్నాడో వాడికే తెలీదు. ఒక్కసారన్నా పైకి పంపాడా?"

"నాకెందుకు చెప్పలేదు?"

"చెబితే మానెయ్ అంటావు. మానేసి నీ ఇంట్లో కూర్చుని నీ పెళ్ళాం పెట్టింది తినాలా? అది మంచిదేరా. అది మంచిది కాబట్టే నేను తినలేను."

అంటూనే కడ్డీ వదిలి, పక్క అరలోకి గన్ చాపింది. కుయ్‌మంది. ఒక అడుగు వేసి మళ్ళీ కడ్డీ పట్టుకుంది.

అతను గోదాం వెనక్కి వెళ్ళి ఇంజనీరుకి ఫోన్ చేశాడు.

"వెనక్కి పోవాలి సారూ. పాత ఇమేజ్ నా దగ్గరుంది, మళ్ళీ అదే ఎక్కించేస్తా."

"ఎందుకన్నా? ఏమన్నా ఆగిపోతోందా?"

"ఏదీ ఆగట్లేదు. అదే బాధ."

ఆ పిల్లాడికి అర్థం కాలేదు. కాకపోవడమే న్యాయం. "పాతది తీసుకోదన్నా. ఒకసారి దీనికి వచ్చాక కిందికి దిగనివ్వదు. పాతదాంట్లో బయటివాళ్ళు దూరే కన్నాలున్నాయని ఆ తలుపు మూసేశారు. నోట్స్‌లో ఉంది కదా."

"ఉంది," అన్నాడు.

అయినా ప్రయత్నించాడు. చివరి వరుస పళ్ళాన్ని ల్యాప్‌టాప్‌లో తెరిచి పాత ఫైలు ఎంచాడు. గీత నిండుతూ పోయింది, చివరిదాకా నిండింది, ఒక్క క్షణం అతనికి ఆశ కూడా పుట్టింది. అప్పుడు ఎర్ర అక్షరాలు వచ్చాయి. వద్దంది. మొదటి పళ్ళాన్ని చంపినట్టే దీన్నీ చంపుదామని, వేరే బ్యాచ్ ఫైలు ఇచ్చి చూశాడు. అదీ వద్దంది. కొత్త బుర్రకి తనది ఏదో, కానిది ఏదో తెలిసిపోతోంది. చేతకాని మనిషి తప్పు చేయడానికి కూడా అందులో చోటు లేకుండా చేశారు.

నిచ్చెన వేసుకుని ఎక్కాడు. పళ్ళాన్ని తిప్పి ఊడదీసి, వైరు కొసన క్లిప్పు నొక్కి లాగేశాడు. దీపం ఆరిపోయింది.

కింద అక్క గన్ చూసుకుంది. పైనుంచి అతనికి ఆ తెర కనిపిస్తోంది. చక్రం తిరుగుతోంది. అక్క తలెత్తింది. వైరు ఒక చేత్తో, పళ్ళెం ఒక చేత్తో పట్టుకుని నిచ్చెన మీదున్న తమ్ముణ్ణి చూసింది. రాక్‌కి వీపు రాసుకుంటూ మెల్లగా జారి నేల మీద కూర్చుంది. కాలు చాపుకుంది. కళ్ళు మూసుకుంది.

గన్ తనంతట తానే కుయ్‌మంది.

అటూ ఇటూ ఉన్న పళ్ళాలు తమ బలం పెంచుకుని ఆ ఖాళీని కప్పేశాయి. ఒకటి పడిపోతే పక్కవి దాని పని కూడా మీదేసుకుంటాయి. అదీ కొత్త ఇమేజ్‌తో వచ్చిందే. అక్క కళ్ళు తెరిచి తెర చూసుకుంది. కడ్డీ అందుకుని రెండు దఫాలుగా లేచింది.

"దిగరా, పడతావు," అంది.

జేబులో ఫోన్ మోగింది. మేనేజర్.

"ఏమయ్యా, చివర ఒకటి ఆగిందని వచ్చింది నాకు?"

"వైరు లూజు సార్. చూస్తున్నా."

"అది కాదు, ఒకటి పోయినా ఒక్క చుక్కన్నా తెర మీంచి పోయిందా? లేదు! భలే పెట్టావయ్యా. రెండో షెడ్డు కూడా చేసెయ్. సెలవుదాకా ఎందుకు, రేపే మొదలుపెట్టు."

సాయంత్రం గడియారం అతన్ని వెతుక్కుంటూ వచ్చాడు. మణికట్టు తిప్పబోయి చెయ్యి దించేశాడు.

"మీ అక్కని పైకి పంపానయ్యా. నేనేం చెయ్యను? ఇదివరకు నేను చూసిందే లెక్క. చూడనట్టు పోతే పోయేది. అరిచానంటే, అరవడం నా ఉద్యోగం. ఇప్పుడు నాకంటే ముందు ఆయన గదిలో ఎర్రబడుతోంది. పంపకపోతే నన్ను పంపుతాడు."

గాజు అవతల అక్క నిలబడి ఉంది. మేనేజర్ తెర వైపు వేలు చూపిస్తున్నాడు, నోరు కదుపుతున్నాడు. అక్క తలూపుతోంది. పక్కనే కుర్చీ ఖాళీగా ఉంది. ఆమెని కూర్చోమనలేదు. అతను వైరు చుట్ట భుజానికి తగిలించుకుని ఇవతల నిలబడ్డాడు. తలుపు తోసుకుని పోయి ఆమె మా అక్క, మోకాలు బాగోలేదు, ఇదీ సంగతి అని చెప్పొచ్చు. చెబితే అక్క మిగలదు, తనూ మిగలడు. ఇలా లెక్కవేసుకునేలోపు అక్క బయటికి వచ్చేసింది. చేతిలో గన్ లేదు. ఆ చేతిని ఎక్కడ పెట్టుకోవాలో తెలీనట్టు రెండో చేత్తో పట్టుకుంది.

ఇంట్లో భార్య వేడినీళ్ళలో గుడ్డ పిండి అక్క మోకాలికి చుట్టింది. ఎంత చుట్టాలో, ఎక్కడ నొక్కకూడదో ఆ చేతులకి ముందే తెలుసు.

"నీకు తెలుసన్నమాట," అన్నాడు.

"చెప్పొద్దంది."

"ఇద్దరూ కలిసి నన్ను బాగా వెధవని చేశారు."

"దాన్నేం అనకు," అంది అక్క. "రెండో షెడ్డు చెయ్యమన్నాడట కదా?"

"పోను. చెయ్యనని చెప్పొస్తా."

"చెప్పు. ఇంకొకడొచ్చి చేస్తాడు. నువ్వూ ఇంటికొస్తే ముగ్గురం కూర్చుని ఒకరి మొహం ఒకరు చూసుకుందాం. బాగుంటుంది, నీ మొహం చూడ్డానికి టికెట్ పెట్టొచ్చు."

అక్క గుడ్డని మోకాలి మీద సర్దుకుంది.

"ఆ షెడ్డులో కిటికీల వైపు చివరి వరుసలో ఒకామె ఉంటుంది. కడుపుతో ఉంది. తెలిస్తే మాన్పిస్తారని వదులు చొక్కా వేసుకుని దాస్తోంది. వాళ్ళ మూల కూడా మా మూల లాంటిదే," అంది. "ముందు ఆమెని అడిగి చెయ్యిరా."

మర్నాడు రెండో షెడ్డులోకి అతను ఒక్కడే పోవాలనుకున్నాడు. మేనేజర్ కూడా బయల్దేరాడు. కొత్త బొమ్మ దొరికినవాడి నడక అది. దారి పొడుగునా మాట్లాడుతూనే ఉన్నాడు. కిటికీల వైపు చివరి వరుసలో వదులు చొక్కా ఆమె కనిపించింది. మొహంలో ఇంకా పసితనం పోలేదు. గన్ తెర మీద చక్రం తిరుగుతోంది, ఆమె నడుం మీద చెయ్యి వేసుకుని పెట్టెల దొంతి మీద కూర్చోబోతోంది. మేనేజర్ని చూసి చప్పున నిటారుగా నిలబడింది.

"అమ్మా, ఇక్కడ సిగ్నల్..." అన్నాడు పైవాడు. ఆ తర్వాత ఏమనాలో దారంతా అనుకుంటూనే వచ్చాడు. పక్కన మేనేజర్ ఉన్నాడు. "ఇక్కడ సిగ్నల్ బాగుచెయ్యమంటావా?"

ఆమె అతన్ని చూసింది. అతని భుజం పక్కనున్న మేనేజర్ని చూసింది.

"రావట్లేదన్నా. చాలా ఇబ్బందిగా ఉంది. చేసి పెట్టండి," అంది. నవ్వింది కూడా.

"విన్నావా?" అన్నాడు మేనేజర్.

నిజంగానా అని అడగాలనిపించింది. అడిగితే, ఏం, అబద్ధం చెబుతోందా అని పక్కనుంచి వస్తుంది. కళ్ళతో అడిగి చూశాడు. తెలియని మగవాడు అలా చూస్తే ఏ ఆడది బదులిస్తుంది? ఆమె చూపు తిప్పేసుకుంది.

నిచ్చెన వేశాడు. ఎక్కుతుంటే అది కొంచెం ఊగింది. ఆమె వచ్చి రెండు చేతుల్తో అదిమి పట్టుకుంది. "మెల్లగా అన్నా," అంది. పళ్ళాన్ని విప్పి అక్షరం చూసి, మళ్ళీ బిగించి దిగాడు. ల్యాప్‌టాప్‌లో రెండు ఫైళ్ళూ ఒకదాని కింద ఒకటి ఉన్నాయి. ఈ పళ్ళెంలో ఉన్నది పాత బుర్రే. ఏదిస్తే అది తీసుకుంటుంది, తప్పుదిచ్చినా తీసుకుని చస్తుంది. చస్తే రేపు ఇంకోటి తెస్తారు. తెచ్చేలోపు, కొత్తది ఎక్కిన పక్కవి కప్పేస్తాయి. బాణం గుర్తు కాసేపు రెండింటి మధ్యా ఉంది.

"ఏదో ఒకటి నొక్కవయ్యా," అన్నాడు మేనేజర్, అతని వీపు మీంచి వంగి.

సరైనదే నొక్కాడు. గీత నిండటం మొదలైంది. పళ్ళెం దీపం ఆరింది. అది మళ్ళీ లేచేదాకా ఈ మూల ఖాళీ. ఆమె గన్‌లో చక్రం తిరుగుతోంది. మేనేజర్ చేతులు కట్టుకుని, కప్పు వైపు చూస్తూ అక్కడే నిలబడ్డాడు. ఆమె కూడా నిలబడే ఉంది.